బూదిగెరె క్రాస్ లాంటి కూడలి చరిత్ర రాయాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

కూడలి_కలం అడిగిన ప్రశ్న:

ఓల్డ్ మద్రాస్ రోడ్డు మీద కె.ఆర్.పురం దాటి హొసకోట వెళ్ళే దారిలో బూదిగెరె క్రాస్ ఉంది కదా. నవంబరు 1 కన్నడ రాజ్యోత్సవానికి (కర్ణాటక అవతరణ దినం) మా అపార్ట్‌మెంట్‌లోని తెలుగువాళ్ళం, కన్నడిగులం కలిసి ఈ కూడలి మీద చిన్న పుస్తకం వెయ్యాలనుకుంటున్నాం. నాలుగైదు పేజీలు, ఒక మ్యాప్, కొన్ని ఫొటోలు, అంతే. చదివినవాళ్ళకి తామున్న నేల మీద గౌరవం కలగాలని మా కోరిక.

పాత గెజిటీర్లలో (ప్రభుత్వం వేసిన జిల్లా వివరాల పుస్తకాలు) బూదిగెరె అన్న ఊరు తగులుతోంది గానీ క్రాస్ ఎక్కడా లేదు. జనాభా లెక్కల గ్రామాల పట్టికలోనూ లేదు. ఇక్కడ రోడ్డు ముందా, ఇళ్ళు ముందా? ఎప్పటి నుంచి ఉందో చెప్పడానికి ఆధారాలు ఏమిటి? ఏ ఆఫీసులో ఏ కాగితం అడగాలి? తెలిసినవాళ్ళు వివరంగా చెప్పండి.

గొలుసు_గుంట:

క్రాస్ పేరు అది ఉన్న చోటుని చెప్పదు, దారి ఎటు పోతుందో చెప్తుంది. అసలు బూదిగెరె దేవనహళ్ళి తాలూకా ఊరు, మీ కూడలికి ఉత్తరాన చాలా దూరంలో ఉంది. కూడలి నేల వేరే ఊళ్ళది. బూదిగెరె గురించి గెజిటీర్‌లో ఉన్న సంగతులు తెచ్చి కూడలికి అతికిస్తే పుస్తకం మొదటి పేజీలోనే తప్పుతుంది. ఈ తప్పు చాలామంది చేస్తారు.

కూడళ్ళు కాగితాల్లో కనపడకపోవడానికి కారణం ఉంది. రెవెన్యూ శాఖకి లెక్క కందాయ గ్రామమే (రెవెన్యూ గ్రామం). పెద్ద దారులు తరచు రెండు మూడు ఊళ్ళ పొలిమేరల్లో కలుస్తాయి. అక్కడ లేచిన నాలుగు కొట్లూ ఆ ఊళ్ళ సర్వే నంబర్లలోకి చీలిపోతాయి. కాబట్టి వెతకాల్సింది క్రాస్ పేరు కాదు, చుట్టూ ఉన్న కందాయ గ్రామాల పేర్లు.

దానికి కర్ణాటక ప్రభుత్వ దిశాంక్ యాప్ చాలు. కూడలి నాలుగు మూలల్లోనూ నిలబడి చూడండి, సర్వే నంబరు, ఊరు, హోబళి (మన ఫిర్కా లాంటిది) చూపిస్తుంది. రోడ్డు అంచున నిలబడితే ఫోన్ జీపీఎస్ నాలుగైదు మీటర్లు అటూ ఇటూ అయి పక్క నంబరు చూపించొచ్చు, అందుకని 20 మీటర్లు లోపలికి వెళ్ళి చూసుకోండి.

ఆ ఊళ్ళన్నిటి గ్రామ నక్షెలు (పటాలు) భూ దాఖలాల శాఖ సైట్ నుంచి దించుకోండి. అవి ఎక్కువగా 1:7920 స్కేలు, అంటే అంగుళానికి 660 అడుగులు. ఇక్కడి సర్వే గొలుసు 33 అడుగులు, అంటే అంగుళానికి సరిగ్గా 20 గొలుసులు. గొలుసుకి 16 అణాలు. ఒక గొలుసు పొడవు, ఒక గొలుసు వెడల్పు కలిస్తే 1,089 చదరపు అడుగులు, అదే గుంట. 40 గుంటలు ఎకరం. ఎ4 కాగితం మీద ప్రింటు తీస్తే స్కేలు కుంచించుకుపోతుంది, ఆ ప్రింటు మీద స్కేలు పెట్టి కొలిస్తే లెక్క తప్పుతుంది. అసలు సైజులో ప్లాటర్ ప్రింటు తీయించండి.

రోడ్డు ముందా, సర్వే ముందా అన్నది ఈ నక్షెలోనే తెలుస్తుంది. మైసూరు రాజ్యంలో రెవెన్యూ సర్వే 1863లో మొదలైంది. సర్వే నాటికే దారి ఉంటే సర్వే నంబర్ల గట్లు దారి దగ్గర ఆగిపోతాయి: ఇటు ఒక నంబరు, అటు ఇంకో నంబరు. దారి తర్వాత వేసిందయితే నంబరుని మధ్యలో కోసుకుంటూ పోతుంది: అదే నంబరు రెండు పక్కలా ఉంటుంది, హిస్సాలు (నంబరులోని ఉపభాగాలు) మాత్రం వేరుగా. కూడలిలో కలిసే దారుల్లో ఒక్కొక్కదాన్నీ ఇలా విడిగా చూడండి. ఒకటి సర్వేకి ముందుదీ, ఇంకోటి తర్వాతదీ అయితే కూడలి వయసు రెండో దారి వయసే.

పహణీ (ఆర్‌టీసీ, మన అడంగల్ లాంటిది) కూడా చూడండి. 3వ కాలమ్‌లో ఖరాబు భూమి ఉంటుంది. 'ఎ' ఖరాబు సాగుకి పనికిరానిది, రాళ్ళూ గుట్టలూ. 'బి' ఖరాబు ప్రజల అవసరానికి విడిచిపెట్టింది, బండిదారి, వాగు, శ్మశానం లాంటివి. రోడ్డు ఆనుకున్న నంబరులో కొన్ని గుంటల బి-ఖరాబు ఉంటే పాత బండిదారి దాని గుండా పోయేదేమో అని వెతకొచ్చు. ఖాయం చెయ్యాలంటే తాలూకా సర్వే ఆఫీసులో ఆ నంబరు టిప్పణి నకలుకి దరఖాస్తు పెట్టండి. తొలి సర్వేయరు గొలుసు లాగి గీసిన చేతిపటం అది, దారి ఎన్ని అణాల వెడల్పో కూడా కొన్నిట్లో రాసి ఉంటుంది.

మొగిలి_కనుమ:

పైన చెప్పినదానికి రోడ్డు సంగతి కలుపుతాను. ఇప్పటి ఓల్డ్ మద్రాస్ రోడ్డు మొదట్నుంచీ ఒకే గీత మీద ఉందనుకోవద్దు. ఈస్టిండియా కంపెనీ వైద్యుడు ఫ్రాన్సిస్ బుకానన్ 1800లో మద్రాసు నుంచి శ్రీరంగపట్నం వెళ్తూ బేతమంగల మీదుగా వచ్చాడు. మజిలీలు ఏ రోజుకారోజు రాసుకున్నాడు, ఆ ప్రయాణ గ్రంథం 1807లో అచ్చయింది. అంతకుముందు 1791 ఫిబ్రవరిలో టిప్పు సుల్తాను మీద యుద్ధంలో బ్రిటిష్ గవర్నర్ జనరల్ కార్న్‌వాలిస్ సైన్యం మన చిత్తూరు జిల్లా మొగిలి కనుమ ఎక్కి కోలారు, హొసకోట మీదుగా బెంగుళూరు మీదికి వచ్చింది, మార్చి 21న కోట పట్టుకుంది. అంటే హొసకోట దారి ఫిరంగి బళ్ళు నడిచేంత వాడుకలో ఉంది. బేతమంగల దారి ఇంకోటి. మద్రాసుకి దారి ఒక్కటి కాదు, కొన్ని. మీ పుస్తకంలో 'ప్రాచీన మద్రాసు రహదారి' అని రాసేముందు ఏ దారి అన్నది తేల్చుకోండి.

నంబర్లు కూడా కలగాపులగం అవుతాయి. ఇది మొన్నమొన్నటి దాకా జాతీయ రహదారి 4. 2010లో రహదారుల నంబర్లు మార్చాక కోలారు, ముళబాగిలు మీదుగా వేలూరు పోయే ఈ భాగం 75 అయింది. పాత కాగితంలో 4 అని, కొత్తదాంట్లో 75 అని ఉంటే రెండు రోడ్లనుకోకండి.

నేల మీద వెతకాల్సినవి: పసుపు తల కిలోమీటరు రాయి జాతీయ రహదారిది, ఆకుపచ్చ తలది రాష్ట్ర రహదారిది. వాటికంటే పాతది మైలురాయి, చెక్కుడు రాతి మీద అంకె ఉంటుంది. మైలుకి 8 ఫర్లాంగులు, ఫర్లాంగు 220 గజాలు, ఫర్లాంగు రాళ్ళు చిన్నవిగా మధ్యలో పాతేవాళ్ళు. రోడ్డు వెడల్పు చేసినప్పుడు ఇవి పీకి గోడల్లో, మెట్ల కింద, టీకొట్టు బెంచీ కింద వేసేస్తారు. రాయి దొరికినంత మాత్రాన అది మొదట ఉన్న చోటు అదే అనుకోకూడదు. అంకెని మ్యాప్ మీద దూరంతో సరిపోల్చండి.

ఇంకో గుర్తు చెట్లు. మర్రి, చింత, మామిడి వరసగా ఒకే ఎడంలో ఉండి ఆ వరస ఇప్పటి రోడ్డుకి దూరంగా వంపు తిరిగితే, పాత దారి ఆ వంపులో పోయేదన్నమాట. తర్వాత వంపు తీసి తిన్నగా వేసుంటారు. ఆ పక్కన మిగిలిన సన్నటి ముక్క నక్షెలో సర్కారు భూమిగా ఉందేమో చూడండి.

అలాగే బరువు దింపుకునే రాయి. తమిళంలో సుమైదాంగి అంటారు, కన్నడంలో హొరెగల్లు. రెండు నిలువు రాళ్ళు, మీద ఒక అడ్డరాయి. అడ్డరాయి ఎత్తు మనిషి భుజాల దగ్గరకి వస్తుంది, తలమీది మూట ఇంకొకరి సాయం లేకుండా వెనక్కి జరిపి దాని మీదకి దింపుకోవడానికి. తిరిగి ఎత్తుకోవడానికీ అదే ఎత్తు. పక్కన బావో, చలివేంద్రం (ఇక్కడ అరవట్టిగె) పెట్టే చెట్టుకట్టో ఉంటుంది. ఇది కనపడిందంటే బస్సులకి ముందు కాలినడక జనం ఆగిన చోటు అది. వెడల్పు పనుల్లో ముందు పోయేవి కూడా ఇవే, అందుకే పుస్తకం సంగతి తర్వాత, ముందు వెళ్ళి ఫొటో, కొలతలు తీసి పెట్టుకోండి.

శాసన_పాఠం:

శాసనాల సంగతి నేను చెప్తాను. బి.ఎల్.రైస్ తెచ్చిన ఎపిగ్రాఫియా కర్ణాటిక (శాసనాల సంకలనం) 9వ సంపుటం (1905) బెంగుళూరు జిల్లాది. రోమన్ లిపిలో పాఠం, ఇంగ్లీషు అనువాదం, కన్నడ లిపిలో పాఠం మూడూ ఉంటాయి. శాసనాలు తాలూకాల వారీగా ఉంటాయి, ఊరి పేరు మీద వెతకాలి. అయితే తాలూకా గీతలు అప్పటివి వేరు, ఇప్పటివి వేరు. మీ కూడలి చుట్టుపక్కల ఊళ్ళ కోసం బెంగుళూరు, హొసకోట, దేవనహళ్ళి మూడు తాలూకాల కిందా చూడండి. ఒక చోట లేదని వదిలెయ్యకండి.

జనాభా లెక్కల పుస్తకాల్లోనూ ఇదే చిక్కు. బెంగుళూరు జిల్లా 1986లో నగర, గ్రామీణ జిల్లాలుగా విడిపోయింది. 1981 దాకా ఒకే జిల్లా పుస్తకం, 1991 నుంచి రెండు. ఒకే ఊరి జనాభాని నలభై యాభై ఏళ్ళకి పోల్చాలంటే ఏ పుస్తకంలో చూశారో రాసిపెట్టుకోండి.

శాసనం లిపి కూడా కాలాన్ని చెప్తుంది. 11వ శతాబ్దం మొదట్లో చోళులు గంగవాడి (గంగరాజుల నాడు, ఈ ప్రాంతం) పట్టుకున్నాక ఈ తూర్పు వైపు తమిళ శాసనాలు వచ్చాయి, తర్వాత హొయ్సళుల కాలంలోనూ కొనసాగాయి. విజయనగర కాలపు కన్నడ శాసనాన్ని తెలుగు చదివినవాళ్ళు ఓపిక పడితే కూడబలుక్కోగలరు, అప్పటికి రెండు లిపులూ ఇంకా దగ్గరే. అర్థం మాత్రం కన్నడం తెలిసినవాళ్ళతో సరిచూసుకోవాలి.

రాయి దగ్గర ఏం చెయ్యకూడదో ముందు చెప్పాలి. అక్షరాల్లో సుద్ద నింపొద్దు, నూనె పుయ్యొద్దు, ఇనప బ్రష్షుతో గీకొద్దు. మంచినీళ్ళు చల్లి మెత్తటి బ్రష్షుతో మట్టి తియ్యండి, చాలు. ఎదురుగా ఫ్లాష్ కొడితే అక్షరాలు చదునైపోయి ఏమీ కనపడవు. పొద్దున్న ఏడు ప్రాంతంలో ఏటవాలు ఎండలో తియ్యండి, లేదా చీకటి పడ్డాక రాతి పక్కన ఆనించినట్టు టార్చి పెట్టి వెలుతురు అడ్డంగా పడేట్టు తియ్యండి. ఒకే రాయికి నాలుగు వైపుల నుంచి వెలుతురు పెట్టి నాలుగు ఫొటోలు. పక్కన స్కేలు పెట్టడం మర్చిపోవద్దు. కొత్త శాసనం అనిపిస్తే నృపతుంగ రోడ్డులోని మిథిక్ సొసైటీకి (చరిత్ర పరిశోధన సంస్థ) చెప్పండి, బెంగుళూరు శాసనాలని త్రీడీ స్కానింగ్ చేసే పని వాళ్ళు చేస్తున్నారు.

ఊళ్ళ పేర్ల దగ్గర మనం తెలుగువాళ్ళం కాస్త నిగ్రహంగా ఉండాలి. కన్నడంలో కెరె అంటే చెరువు, సమాసంలో గెరె అవుతుంది. బూది అంటే బూడిద. మాట విప్పితే బూడిద చెరువు, అంతవరకు వ్యాకరణం. ఎందుకా పేరు అన్న కథకి ఆధారం కావాలి. చివర 'సంద్ర' ఉంటే సముద్రం, అంటే చెరువే. చీమసంద్ర అన్న ఊరి పేరు చూడగానే మన చీమే కదా అనిపిస్తుంది, పాత శాసనంలో పేరు ఏ రూపంలో ఉందో చూడకుండా అచ్చు వెయ్యకండి.

కూడలి_కలం:

అందరికీ దండాలు. గొలుసు_గుంట గారూ, ఒక సందేహం. ఈ రోడ్లన్నీ వెడల్పు చేశారు. వెడల్పు చేసినప్పుడు కూడా నంబరులో ముక్క పోతుంది కదా, అప్పుడది కొత్త రోడ్డు కోసిన కోతా, వెడల్పు చేసిన కోతా ఎలా తెలుస్తుంది? ఇంకోటి, మ్యాప్‌లో కొండా వాగూ చూపించాలంటే ఏ షీటు వాడాలి?

గొలుసు_గుంట:

మంచి ప్రశ్న. వెడల్పు చేస్తే అంచు పోతుంది, నంబరు ఒక పక్కనే మిగులుతుంది, విస్తీర్ణం తగ్గుతుంది. కొత్త రోడ్డయితే నంబరు రెండు ముక్కలవుతుంది. ముక్కల్ని చూసి తేలకపోతే లెక్క కట్టండి. ఆకార్‌బంద్‌లో (సర్వే శాఖ విస్తీర్ణాల పట్టిక) నంబరు మూల విస్తీర్ణం ఉంటుంది, పహణీలో ఇప్పటిది. తేడా ఎన్ని గుంటలో చూడండి. 100 మీటర్ల పొడవున 10 మీటర్ల పట్టీ తీసుకుంటే 1,000 చదరపు మీటర్లు, దాదాపు 10 గుంటలు. తేడా ఆ పట్టీకి సరిపోతే అది వెడల్పు పనే. దానికంటే చాలా ఎక్కువుంటే వేరే కారణం ఉంది.

భూసేకరణ జరిగి ఉంటే తేదీతో సహా దొరుకుతుంది. 2013 చివరి దాకా అమల్లో ఉన్నది 1894 చట్టం. దాని కింద 4(1) (ప్రాథమిక), 6(1) (తుది) నోటిఫికేషన్లు గెజిట్‌లో పడేవి, సర్వే నంబర్లూ విస్తీర్ణాలూ వరసగా ఉంటాయి. రోడ్డు ఎప్పుడు ఎంత పెరిగిందో చెప్పడానికి వీటికంటే గట్టి ఆధారం లేదు. ఇంకా పాత సంగతులకి వికాస సౌధలోని రాష్ట్ర పత్రాగారంలో (పాత ప్రభుత్వ పత్రాలు దాచేచోటు) మైసూరు ప్రభుత్వ రెవెన్యూ ఫైళ్ళ సూచీలు అడగండి. క్రాస్ పేరుతో అడిగితే లేదంటారు. తాలూకా పేరు, దారి పేరు, సంవత్సరాల మధ్య ఎడం ఇచ్చి అడగాలి.

మిట్ట_పల్లం:

షీటు సంగతి. సర్వే ఆఫ్ ఇండియా 1:50,000 పటాలు, 20 మీటర్ల కాంటూర్లు (ఒకే ఎత్తున్న చోట్లని కలిపే గీతలు). పాత నంబర్లలో బెంగుళూరు ఉత్తర భాగం 57 జి/12, హొసకోట వైపు 57 జి/16. ఈ రెంటికీ హద్దు 77°45' రేఖాంశం, అది మీ కూడలికి దగ్గర్లోనే పోతుంది. అందుకని రెండూ తెచ్చుకుని అంచులు కలిపి చూడాలి, ఒక్కటే చూస్తే సగం చెరువులు కనపడవు. అంతకుముందరి అంగుళానికి మైలు (1:63,360) పటాలు దొరికితే రోడ్డుకి, బండిదారికి, కాలిబాటకి వేరువేరు గీతలుంటాయి. సూచిక చదవకుండా గీత చూసి రోడ్డనెయ్యకండి.

ఈ నేల తీరు ఇది. బెంగుళూరు మిట్టకి పడమటి నీళ్ళు అర్కావతిలోకి, తూర్పు నీళ్ళు దక్షిణ పినాకినిలోకి పోతాయి. రెండూ నంది కొండల వైపే పుట్టినవి. మన పెన్న, అంటే ఉత్తర పినాకిని, పుట్టిందీ ఆ వరసలోనే. హెబ్బాళ లోయ నీళ్ళు చెరువు నించి చెరువుకి దొర్లుతూ ఎలె మల్లప్ప శెట్టి చెరువు చేరతాయి. ఎలె అంటే తమలపాకు, ఆకుల వ్యాపారి తవ్వించాడని చెప్పుకుంటారు. అది మీకు పడమట. తూర్పున పినాకిని మీద హొసకోట చెరువు.

ఈ పక్క ఊళ్ళు చెరువు కట్ట కింద, తరి పొలాల దగ్గర కట్టుకున్నారు. దారి మాత్రం మిట్ట మీద పోతుంది, వానాకాలం బండి చక్రం దిగబడకుండా. అందుకే కూడలి పడేచోట ఊరుండదు, మెట్ట చేనో గోమాళమో (పశువుల మేత బీడు) ఉంటుంది. ఊరు కాస్త పల్లంలో ఎడంగా ఉంటుంది. మీ మ్యాప్‌లో ముందు కాంటూర్లు, చెరువులు, కాలవలు నీలంలో గీసి, ఆ తర్వాత దారులు గీయండి. కూడలి అక్కడే ఎందుకు పడిందో చూడగానే తెలుస్తుంది. కాలవకి దారి అడ్డుపడే ప్రతిచోటా మోరీ (రోడ్డు కింద నీళ్ళు పోయే తూము, కల్వర్టు) ఉందో లేదో గుర్తు పెట్టండి. పాత రాతి మోరీ కనపడితే అది పాత దారి వెడల్పుని ఉన్నదున్నట్టు చూపిస్తుంది, లోపలికి వంగి చూస్తే మధ్యలో రాతికట్టు, రెండు పక్కలా తర్వాత పోసిన కాంక్రీటు విడివిడిగా తెలుస్తాయి.

నీరుగంటి_మాట:

కాగితాలు ఎంత చదివినా పెద్దవాళ్ళని అడగకపోతే సగమే. ఎలా అడగాలన్నది ముఖ్యం. 'ఈ క్రాస్ ఎప్పుడు పుట్టింది' అని అడిగితే 'వందేళ్ళయింది' అంటారు, అది జవాబు కాదు. కూడలి ఇళ్ళవాళ్ళు ఏ ఊరి జాతరకి చందా ఇస్తారు, పోయినవాళ్ళని ఏ ఊరి శ్మశానానికి తీసుకెళ్తారు, రేషన్ కార్డు ఏ ఊరి కొట్టులో, పిల్లలు మొదట ఏ ఊరి బడికి నడిచారు అని అడగండి. ఈ నాలుగూ ఒకే ఊరు చెప్తే ఆ కూడలికి తల్లిఊరు అదే. నాలుగు వేరు వేరు ఊళ్ళు చెప్తే కూడలి నాలుగు వైపుల నించీ వచ్చినవాళ్ళతో నిండిందని తెలుస్తుంది. ఏ జవాబైనా రాయదగ్గదే.

సంవత్సరం పట్టుకోవడానికి అందరికీ గుర్తుండే సంగతి ఆసరా చేసుకోండి. ఈ పక్కన 1974 భూసంస్కరణల సవరణ తర్వాత కౌలుదార్లు ఫారం 7 వేసి సాగు హక్కు కోరారు. 'ఫారం వేసినప్పటికి ఆ కొట్టు ఉందా?' అంటే ఠక్కున చెప్తారు. ఇందిరా గాంధీ పోయిన ఏడు (1984) ఇంకో గుర్తు. ఒకే సంగతి ముగ్గురి దగ్గర విడివిడిగా అడగండి, కలిపి కూర్చోబెడితే ఒకరి మాటే అందరూ చెప్తారు.

ఎవరిని అడగాలంటే, నీరుగంటి, తోటి, తళవారి చేసిన ఇళ్ళవాళ్ళని. చెరువు తూము ఎత్తినవాళ్ళకి, దండోరా వేసినవాళ్ళకి, పొలిమేర కాసినవాళ్ళకి ఏ రాయి ఎక్కడుండేదో తెలుసు. గౌడ (ఊరి పెద్ద) ఇంట్లో మాట్లాడి వచ్చేస్తే ఊరి చరిత్ర వస్తుంది, పొలిమేర చరిత్ర రాదు. మీ కూడలి పొలిమేరలో ఉంది. ఇక్కడ మొరసు వక్కలిగల్లో (ఒక రైతు కులం), ఇంకా చాలా ఇళ్ళల్లో ఇంట తెలుగు, బజార్న కన్నడం ఉంటుంది. తెలుగులో పలకరించండి గానీ వాళ్ళు చెప్పిన మాటని వాళ్ళ యాసలోనే రాసుకోండి. గట్టుకి, కాలవకి, చేనుకి వాళ్ళు వాడే పేర్లు మన కోస్తా పేర్లలోకి మార్చేస్తే తర్వాత టిప్పణిలో ఆ పేరు కనపడినా పోల్చుకోలేరు.

'క్రాస్' అన్న మాట ఎప్పుడు వాడుకలోకొచ్చిందో కూడా అడగండి. నాకు తెలిసి చాలా చోట్ల బస్సు స్టేజీ పడ్డాకే ఆ పేరు నిలబడింది. పాత బస్సు టికెట్లు, పెళ్ళి శుభలేఖలు, ఉత్తరాల మీద చిరునామాలు ఇళ్ళల్లో ఉంటే ఫొటో తీసుకోండి. శుభలేఖ మీద తేదీ ఉంటుంది, ఊరి పేరు ఆ ఇంటివాళ్ళు ఎలా రాసుకున్నారో ఉంటుంది. 'ఫలానా ఊరి గేటు దగ్గర' అని ఒక లేఖలో, 'బూదిగెరె క్రాస్' అని ఇంకో లేఖలో ఉంటే ఆ రెండు తేదీల మధ్య పేరు మారిందన్నమాట. ఫొటో తీసి కాగితం అక్కడే వాళ్ళ చేతికి ఇచ్చెయ్యండి, ఇంటికి తెచ్చుకోవద్దు.

కూడలి_కలం:

రేపు ఆదివారం పొద్దున్న ఆరున్నరకి నలుగురం బయల్దేరుతున్నాం. ఇద్దరు దిశాంక్‌తో నాలుగు మూలలకి, ఇద్దరు టేపు, కెమెరా పట్టుకుని మోరీలూ రాళ్ళూ చూడ్డానికి. సర్వే నంబర్ల పట్టిక తయారవగానే ఇక్కడ పెడతాను, టిప్పణికి ఏ నంబర్లు ముందు అడగాలో అప్పుడు చెప్పండి.

గొలుసు_గుంట:

పట్టికలో నంబరు, హిస్సా, ఊరు, మూల విస్తీర్ణం, బి-ఖరాబు గుంటలు, రోడ్డుకి ఏ పక్క అన్నవి విడివిడి గళ్ళల్లో పెట్టండి. ఊరు పేరు లేకుండా ఒట్టి నంబరు రాయకండి. 45 అన్న నంబరు దాదాపు ప్రతి ఊళ్ళోనూ ఉంటుంది.